పసుపుదారం చుట్టిన దండకడియం

మా పడమటి వీధి మొత్తానికి వెండి వస్తువు అని చెప్పుకోదగింది ఒక్కటే ఉండేది. అదీ ఏ ఒక్కరి సొత్తూ కాదు. మోచేతికి పైన, దండ మీద తొడుక్కునే కడియం. వేలెడు మందం, రెండు కొనలకూ మొగ్గల్లాంటి తలలు, ఆ తలల మధ్య కొంచెం సందు. ఆ సందును కాస్త తెరిస్తే లావు చేతికి పడుతుంది, కాస్త మూస్తే సన్న చేతికి పడుతుంది. అందుకే వీధిలో ఏ ఇంటి ఆడపిల్లకు పెళ్లి కుదిరినా నలుగు పెట్టే పొద్దు ఆ కడియం తొడిగేవాళ్లు. పదహార్రోజుల పండక్కి పిల్ల పుట్టింటికి వచ్చినప్పుడు తీసేవాళ్లు. ఈలోపల అత్తగారి ఊరివాళ్లు ఆ కడియాన్ని చూసి, మేమేదో కలిగినవాళ్లమని అనుకోవాలని మావాళ్ల ఆశ. నందికొట్కూరు చుట్టుపక్కల పల్లెల వాళ్లెవరూ అంత అమాయకులు కారు. అయినా మావాళ్ల సంబరం మావాళ్లది.

ఆ కడియాన్ని దాచేది సిద్దమ్మ. ఆమె అత్త దాచింది, ఆ అత్తకు అత్త దాచింది. సిద్దమ్మకు పిల్లల్లేరు. మొగుడు నారాయణ నోట్లో నాలుక లేని మనిషి, సేద్యం పనులకు పోయి వచ్చి తిని పడుకునేవాడు. అందువల్ల సిద్దమ్మ ప్రేమా, కోపమూ, పెత్తనమూ అన్నీ ఆ కడియం మీదే. నేను చెప్పబోయేదంతా ఆమె చివరి రోజుల్లో మా అమ్మ దగ్గర కూర్చుని దాచకుండా చెప్పుకున్నదే. మా అమ్మకు ఏ మాటా కడుపులో దాగదు కాబట్టి నా దాకా వచ్చింది.

కడియం తీయడం సిద్దమ్మ చేస్తుంటే చూడాలి. రెండు తలలూ పట్టుకుని ఎవరన్నా చెరోవైపు లాగితే ఆమెకు ఒళ్లు మండిపోయేది. పొద్దున్నే, చేయి ఉబ్బు లేనప్పుడు పిల్లను కూర్చోబెట్టేది. చేతిని కాసేపు పైకెత్తించి, దండకు ఆముదం రాసేది. కడియాన్ని మెల్లగా మోచేతి దగ్గరి సన్నపాటు చోటికి దించేది. అక్కడ సందును లోపలి వైపుకు తిప్పి, ముందు ఒక తల బయటికి వచ్చేటట్టు పక్కకు దొర్లించేది. రెండో తల దానంతటదే వచ్చేది. పిల్లకు నొప్పి తెలిసేది కాదు. తీశాక కుంకుడు రసంలో కడిగి చెమట ఉప్పంతా పోగొట్టేది. చింతపండు వేసి రుద్దితే తళతళలాడుతుంది కదా అని ఎవరన్నా అంటే, మీ మొగుళ్ల వీపులు రుద్దుకోండి పోండి అని కసిరేది. పాత పంచెగుడ్డతో తడి లేకుండా తుడిచి, ఆ గుడ్డలోనే చుట్టి పెట్టెలో పెట్టేది.

ఒక్క పని మాత్రం ఆమె చేసేది కాదు. సందు పెంచాలన్నా తగ్గించాలన్నా కంసాలి వీరాచారి కుంపటి దగ్గరికి పోవలసిందే. ఆయన కడియాన్ని ఎర్రగా కాల్చి, చల్లార్చి, అప్పుడు వంచేవాడు. ఎందుకింత తతంగం అని సిద్దమ్మ కొత్తకోడలిగా ఉన్నప్పుడు అడిగిందట.

"వెండి గూడా అలిసిపోతాది సిద్దమ్మా. నిప్పు చూపకుండా వంచినావంటే లోపల్లోపల చీలుతాది" అన్నాడట వీరాచారి.

ఆ మాటను ఆమె వీధిలో కనపడిన ప్రతివాళ్లకూ పాఠంలా చెప్పేది. చెప్పీ చెప్పీ మా అందరికీ విసుగు పుట్టించింది. అంతగా చెప్పిన మనిషే ఆ తప్పు చేసింది.

పెద్ద కరువు వచ్చిన ఏడు అది. బావుల్లో బురద కూడా ఎండిపోయింది. ఎద్దులను తోలుకుపోయి సంతలో వదిలేసి వచ్చిన రైతులు ఇంటికొచ్చి మొహం కప్పుకుని పడుకున్నారు. సర్కారువాళ్లు పోసే గంజి కోసం పొద్దున్నుంచే ముంతలతో నిలబడేవాళ్లం. ఆ కరువులోనే మహాదేవమ్మ అనే పిల్లకు పెళ్లి కుదిరింది. పెళ్లయితే ఒక నోరు తగ్గుతుందని ఆ ఇంటి ఆత్రం. పిల్ల చేయి పుల్లలాగా ఉంది. కడియం తొడిగితే జారి మణికట్టు దగ్గరికి వచ్చి పడింది. వీరాచారి చూస్తే ఊళ్లో లేడు, పని వెతుక్కుంటూ డోన్ పోయాడు. మగపెళ్లివాళ్ల బండి ఊరి పొలిమేరలోకి వచ్చిందని కబురు. మణికట్టుకు వేలాడే దండకడియం చూస్తే వాళ్లు నవ్వుతారు.

సిద్దమ్మ కడియం తీసుకుని తన ఇంట్లోకి పోయి గడియ పెట్టుకుంది. తలుపు సందులో కడియాన్ని ఇరికించి, మోకాలితో అదిమింది. సందు మూసుకుంది. పిల్ల దండకు సరిగ్గా పట్టింది. అందరూ సిద్దమ్మ చేతి నేర్పును మెచ్చుకున్నారు.

పదహార్రోజుల పండగనాడు తీసి కడిగేటప్పుడు, కడియం లోపలివైపు, సరిగ్గా నడుమ, వెంట్రుకంత గీత కనపడింది. గోటితో గీకింది, పోలేదు. వీరాచారి తిరిగి వచ్చాడు కూడా. వెళ్లి చూపించి ఉంటే సరిపోయేది. కానీ ఏమని చూపించాలి? వీధి వీధినంతా కసిరే నోటితో, తలుపు సందులో పెట్టి నొక్కాను అని ఎట్లా చెప్పాలి? అంతకన్నా పెద్ద భయం ఇంకొకటి ఉంది. తప్పు బయటపడితే కడియాన్ని ఇంకొకరి ఇంటికి మార్చేస్తారు. అది లేకపోతే సిద్దమ్మను పెళ్లిళ్లకు ముందుగా పిలిచేది ఎవరు? పిల్లల్లేని ఆడదానికి ఊళ్లో ఎంత మర్యాదో ఆమెకు తెలుసు.

కరిగించిన లక్క ఆ గీతలోకి దించి, పైన పసుపుదారం నాలుగు చుట్లు చుట్టింది. తర్వాత జరిగిన పెళ్లిలో ఎవరో అడిగారు, ఈ దారం ఎందుకని. శుభానికి అంది సిద్దమ్మ. మా వీధివాళ్లకు తిండికి కరువేమో గానీ ఆచారాలకు కరువు లేదు. ఆ మరుసటి పెళ్లికి దారం చుట్టడం కాస్త ఆలస్యమైతే పెళ్లికూతురి అవ్వ గోల చేసింది, పసుపుదారం లేకుండా కడియం ఎట్లా తొడుగుతారు, మన తాతలనాటి పద్ధతి కదా అని. నిన్నగాక మొన్న పుట్టిన పద్ధతికి అప్పుడే తాతలు కూడా పుట్టారు. సిద్దమ్మ తల వంచుకుని దారం చుట్టింది.

తర్వాత వానలు పడ్డాయి. కర్నూలు రాజధాని అయింది, మావాళ్లు కొందరు సర్కారు కచేరీలకు వేసిన గుడారాలు చూడటానికి పోయి వచ్చారు. జొన్న బాగా పండింది. ఆ ఏడే బండి తోలే దాసన్న పెద్దకూతురు గంగక్కకు బనగానపల్లె పక్కన సంబంధం కుదిరింది. గంగక్క బలమైన పిల్ల. తల మీద ఒక కడవ, చంకలో ఒక కడవ పెట్టుకుని మాట్లాడుకుంటూ నడిచేది. కరువులో మూసిన కడియం ఆ చేతికి ఎక్కే ప్రశ్నే లేదు.

వీరాచారి ఈసారి ఊళ్లోనే ఉన్నాడు, కుంపటి మండుతూనే ఉంది. కానీ ఆయన దగ్గరికి పోతే ముందు దారం విప్పుతాడు. సిద్దమ్మ మళ్లీ తలుపు గడియ పెట్టుకుంది. ఆముదం పూసి, కొంచెం కొంచెంగా, ఊపిరి బిగబట్టి, చేతులతోనే తెరిచింది. దారం కింద ఏమైందో విప్పి చూడలేదు. చూస్తే తొడగలేనని ఆమెకు తెలుసు.

కడియం తొడిగాక గంగక్క చేయి అటూ ఇటూ తిప్పి చూసుకుంది. ఎట్లుండాది పెద్దమ్మా అని అడిగింది. బాగుండాది అంది సిద్దమ్మ. కడియం తీసేదాకా బరువులు ఎత్తొద్దని కూడా చెప్పింది. అత్తగారింటికి పోయే కొత్తకోడలికి ఆ మాట చెప్పి ఏం లాభం?

అత్తగారి ఊళ్లో బావి దగ్గర, నిండు కడవ చంకకు ఎత్తుకుంటుంటే అంచు తగిలి కడియం నడుమకు విరిగింది. విరిగిన కొన దండలోకి దిగింది. పిల్ల బెదిరిపోయింది. ఎట్లా తీయాలో తెలియక, తలలు రెండూ పట్టుకుని ఒక్క గుంజు గుంజింది. చర్మం చీరుకుపోయింది. రక్తం కన్నా ముందు బావి దగ్గరి ఆడవాళ్లు చూసింది విరిగిన కడియాన్ని. పెళ్లి కడియం చేతి మీదే విరిగిందన్న మాట, ఆమె ఇంటికి చేరేలోపే అత్త చెవిన పడింది.

గంగక్కను పదహార్రోజుల పండక్కి ముందే మా ఊళ్లో దింపి పోయారు. దండకు పసుపు అద్ది గుడ్డ చుట్టి ఉంది. ఆమె తన ఇంటికి కూడా పోకుండా నేరుగా సిద్దమ్మ ఇంటికి వచ్చింది. వెనకే వీధి ఆడవాళ్లంతా వచ్చారు. గంగక్క కొంగుముడి విప్పి రెండు ముక్కలూ సిద్దమ్మ ముందు పెట్టి, ఆమె కాళ్లు రెండూ పట్టుకుంది.

"నేనే విరగ్గొట్టినా పెద్దమ్మా. బరువు ఎత్తొద్దని నువ్వు చెప్తివి. నేను ఇన్లేదు. అందరి సొమ్ము పాడు చేస్తిని" అంది.

నిజం చెప్పడానికి అంతకన్నా మంచి అదను ఎవరికీ రాదు. సిద్దమ్మ నోరు తెరిచింది. చెబుతాననే అనుకుంది. చుట్టూ అందరి ముఖాలూ చూసింది.

"పోనీలే అమ్మీ. చిన్నపిల్లవి, తెలీక చేస్తివి" అంది.

ఆడవాళ్లంతా సిద్దమ్మది ఎంత పెద్ద మనసో అనుకున్నారు. ఆ రాత్రి ఆమె అన్నం ముట్టలేదు. తప్పు చేసిన మనిషి తానై ఉండి, తప్పు చేయని పిల్లను క్షమించింది. తిట్టి ఉన్నా ఇంత పాపం అయ్యేది కాదు అని మా అమ్మతో అందట.

ముక్కలు తీసుకుని వీరాచారి దగ్గరికి పోయింది. కరిగించి కొత్తది చేయడానికి వెండి తక్కువ పడితే వీధివాళ్లు మెట్టెలో, మొలతాడు బిళ్లలో తలా కాస్త ఇచ్చారు. సిద్దమ్మ తన కాలి మెట్టెలు రెండూ ఊడదీసి ఇచ్చింది. వీరాచారి విరిగిన కొనలను వెలుతురుకు పెట్టి చాలాసేపు చూశాడు. కొత్త కడియం చేతిలో పెట్టిన రోజు, దాంతో పాటు ఒక చిన్న కాగితం పొట్లం కూడా ఇచ్చాడు.

"ఈ కొనల్లో లక్క ఉండాది. కోసి పక్కన పెట్టినా. ఇవి నీ దగ్గరే పెట్టుకో" అన్నాడు.

ఇంకేమీ అడగలేదు. ఆయన బతికున్నంత కాలం ఎవరితోనూ అనలేదు. సిద్దమ్మ మాత్రం ఆ తర్వాత ఆయన అంగడి ముందు నుంచి నడిచేది కాదు, చుట్టు తిరిగి పోయేది.

గంగక్క కాపురం ఏమీ విరగలేదు. మొగుడు మంచివాడు, వచ్చి తీసుకుపోయాడు. దాసన్నకు కొడుకులు లేనందున కొన్నాళ్లకు అల్లుడే ఇల్లరికం వచ్చాడు. కానీ మా వీధి నోరు ఎవరు మూస్తారు? కడియం విరిచిన చెయ్యి అని పేరు పడింది. పెళ్లికూతుళ్లకు పసుపు రాయడానికి ఆ చేతిని రానివ్వలేదు. బియ్యం దంచేటప్పుడు, పందిట్లో ముగ్గు వేసేటప్పుడు, ఎవరో ఒకరు మెల్లగా, నువ్వు కూర్చో గంగక్కా అనేవాళ్లు. ఆమె కూర్చునేది. తానే తప్పు చేశానని నమ్మింది కాబట్టి ఎదురు చెప్పలేదు. దండ మీది మచ్చ కనపడకుండా రవిక చేయి కిందికి కుట్టించుకుంది. కర్నూలుకు రాజధాని వచ్చింది, పోయింది. గంగక్క మీద పడిన మాట మాత్రం పోలేదు.

పైగా ఆమె సిద్దమ్మ రుణం తీర్చుకోవడం మొదలుపెట్టింది. అత్తగారి ఊళ్లో ఉన్నప్పుడు ఎండాకాలం వస్తే బంగినపల్లి పండ్లు బుట్టకెత్తుకుని మోసుకొచ్చేది. ఇక్కడికి వచ్చేశాక రోజూ పొద్దున్నే సిద్దమ్మ ఇంటికి వచ్చి అంట్లు తోమేది, కసువు చిమ్మేది. వద్దంటే వినేది కాదు. ఆ పండ్ల వాసన ఇల్లంతా నిండేది. సిద్దమ్మ ఒక్క పండు కూడా తినలేకపోయేది, అన్నీ నారాయణే తిన్నాడు. పెరట్లో గిన్నెల చప్పుడు వినపడితే లేచి పోయి చెప్పేద్దామనుకునేది. గంగక్క తలెత్తి నవ్వితే, ఇప్పుడు కాదులే అనుకుని లోపలికి వచ్చేది. ఏళ్లు అట్లా గడిచాయి.

గంగక్క చెల్లెలు హంపమ్మకు పెళ్లి వచ్చింది. నలుగునాడు సిద్దమ్మ కడియం తీసుకుని దాసన్న ఇంటికి పోయింది. వీధి అరుగు మీద గంగక్క ఒక్కతే కూర్చుని జొన్నలు చెరుగుతోంది. లోపల చెల్లెలికి నలుగు పెడుతున్న పాటలు వినపడుతున్నాయి. ఎందుకే ఈడ కూర్చున్నావ్ అని సిద్దమ్మ అడిగింది. మేనత్త వద్దనింది పెద్దమ్మా, శుభం గదా, నా చెయ్యి ఎందుకులే అంది గంగక్క, చేట ఆపకుండానే.

సిద్దమ్మకు ఇక ఓపిక నశించింది. లోపలికి పోయి, పాట ఆపమంది. కడియం విరిచింది గంగక్క కాదని, తానేనని చెప్పింది. తలుపు సందు, లక్క, దారం, అన్నీ చెప్పింది. ఏ ఒక్కటీ వదలలేదు.

మేనత్త కళ్లు తుడుచుకుంది.

"చూడండమ్మా, ఆ పిల్ల కోసం తప్పు తన నెత్తినేసుకుంటాండాది. ఇట్లాంటి మనిషి యాడన్నా ఉంటాదా?" అంది.

అందరూ అవునవునన్నారు. లక్క గురించి చెప్పినా, అంతా కల్పన అనుకున్నారు. గుమ్మం దగ్గరికి వచ్చి నిలబడిన గంగక్క పరుగున వచ్చి మళ్లీ సిద్దమ్మ కాళ్ల మీద పడింది. నాకోసం ఇంత మాట అంటివా పెద్దమ్మా అని ఏడ్చింది. నిజం చెప్పినందుకు సిద్దమ్మకు దక్కింది ఇంకాస్త మంచి పేరు. మా వీధివాళ్ల తెలివికి నాకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.

అప్పుడు సిద్దమ్మ తనకు మిగిలిన పని ఒక్కటే చేసింది. నా చేతులు వణుకుతాండాయి, ఇకమీద కడియం తొడిగేదీ తీసేదీ గంగక్కే, ఇష్టం లేని ఇల్లు వెండి లేకుండా పెళ్లి చేసుకోవచ్చు అంది. సిద్దమ్మ మాటను అప్పుడే దేవత మాట చేసి కూర్చున్నారు కాబట్టి కాదనలేకపోయారు. ఆ పొద్దు హంపమ్మ చేతికి కడియం తొడిగింది అక్కే.

పండగ అయ్యాక గంగక్కను తన ఇంటి పెరట్లో కూర్చోబెట్టుకుని సిద్దమ్మ అన్నీ నేర్పింది. ఆముదం, సన్నపాటు చోటు, ముందు ఒక తల దొర్లించడం, కుంకుడు రసం, పంచెగుడ్డ. నిప్పు చూపకుండా వంచితే వెండి ఎట్లా చీలుతుందో చెప్పింది. పైనుంచి కడవ తగిలితే సొట్ట పడుతుంది గానీ మంచి వెండి నడుమకు విరగదని కూడా చెప్పింది. చెప్పి, పెట్టె అడుగు నుంచి కాగితం పొట్లం తీసి గంగక్క అరచేతిలో పెట్టింది.

గంగక్క ఆ చిన్న ముక్కలను తిప్పి చూసింది. గోటితో గీకింది. ఎర్రగా లక్క పొడి రాలింది. ఒక ముక్క మీద పసుపుదారం పోగు ఇంకా అంటుకుని ఉంది. రవిక చేతి మీదుగానే దండను, మచ్చ ఉన్నచోట పట్టుకుంది.

"ఆ పొద్దు నీ కాళ్లు పట్టుకుంటి గదా పెద్దమ్మా" అంది గంగక్క. "అప్పుడన్నా చెప్పకపోతివి."

గంగక్క ముక్కలు పొట్లం కట్టి అక్కడే పెట్టింది. కడియాన్ని గుడ్డలో చుట్టుకుని, తీసుకుని పోయింది. మరుసటి పొద్దున్నుంచి అంట్లు తోమడానికి రాలేదు. ఎందుకు రాలేదని వీధివాళ్లు అడిగితే, పని ఎక్కువైందని చెప్పింది. ఉన్న సంగతి ఏ ఒక్కరికీ చెప్పలేదు.

తర్వాతి పెళ్లిలో గంగక్క కడియం తొడుగుతుంటే, పసుపుదారం ఏదని ఎవరో అడిగారు. దారం ఉంటే కింద ఏముండాదో కనపడదు, ఇట్లనే ఉండనీ అంది గంగక్క. ఎందుకో ఎవరూ ఎదురు చెప్పలేదు. తాతలనాటి పద్ధతి ఆ ఒక్క మాటతో పోయింది. ఆమె రవిక చేయి ఆ రోజు మళ్లీ పొట్టిగా ఉంది, మచ్చ అందరికీ కనపడింది. సిద్దమ్మ లోపలికి రాకుండా అరుగు మీద కూర్చుని జొన్నలు చెరిగింది.

ఆ పెళ్లికూతురి పదహార్రోజుల పండగ అయిన మరునాడు గంగక్క సిద్దమ్మ ఇంటికి వచ్చింది. గుడ్డ విప్పి, కడియం లోపలివైపు ఎండకు తిప్పి పట్టుకుంది.

"చూడు పెద్దమ్మా. గీత ఏమన్నా ఉండాదేమో" అంది.

సిద్దమ్మ చూసింది. లేదంది. గంగక్క కడియం చుట్టుకుని వెళ్లిపోయింది. కూర్చోలేదు, మంచినీళ్లు అడగలేదు. అప్పటినుంచి ప్రతి పెళ్లి తర్వాతా అట్లాగే వచ్చేది, అదే మాట అడిగేది. సిద్దమ్మ ఆ రోజు కోసం భయపడుతూ కాచుకుని ఉండేదట. రాకపోతే ఇంకా భయం వేసేదట.

తర్వాత సిద్దమ్మ కళ్లకు పొరలు కమ్మాయి. మనిషి ముఖం ఆనేది కాదు. అయినా గంగక్క రావడం మానలేదు. ఆమె చేతిలో కడియం పెట్టి నిలబడేది. సిద్దమ్మ బొటనవేలితో లోపలివైపు ఈ తల నుంచి ఆ తల దాకా మెల్లగా తడిమేది. నడుమకు వచ్చేసరికి వేలు ఆగేది, అక్కడ చాలాసేపు ఉండేది.

"ల్యాదు అమ్మీ" అనేది.